సోల్డరు మావయ్య ఆపిన లారీ

సోల్డరు మావయ్య నోరు తెరిస్తే టీకొట్టు దగ్గర ఎవరికీ కాలు కదలదని పేరు. ఆ రోజు ఆయనకి కావాల్సిందీ అదే. మూతపడ్డ ఫ్యాక్టరీ గేటు ముందు లారీ ఆగి ఉంది. దాని మీద బీరువా అంత మిషను, ఈ దేశం తన చేతులతో చేసుకున్న మొట్టమొదటి కంప్యూటరు. పాత ఇనుము వ్యాపారి టీ తాగి లేచాడంటే అది నేరుగా సుత్తి కిందకే. వయసంతా దానికి సోల్డరు, అదే టంకం, పెట్టడానికే ధారపోసిన మావయ్యకి బతిమాలడం చేతకాదు. కోతలు మాత్రం బాగా వచ్చు.

"ఒరేయ్ అల్లుడూ, పగలగొట్టే ముందు అదేమిటో తెలుసుకో. ఓసారి అది మొరాయించింది. ఇంజనీర్లంతా తలలు పట్టుకున్నారు. నేను వాసన చూసి, ఇదిగో ఇక్కడ టంకం వదిలిందన్నాను. ఒక్క చుక్క పెట్టానో లేదో లేచి కూర్చుంది!"

"వాసన చూసే చెప్పావా అన్నయ్యా?" అంది టీకొట్టు ఆవిడ.

"అదెంత పని చెల్లెమ్మా! ఆ తర్వాత ఏమైందో తెలుసా? ఆ మిషను నాకు అలవాటు పడిపోయింది. నేను గేటు దగ్గర దగ్గితే చాలు, లోపల దీపాలు వెలిగేవి. సెలవు పెడితే మేనేజరు మా ఇంటికొచ్చి, బాబ్బాబు, ఒక్కసారి వచ్చి దగ్గిపో అని గడ్డం పట్టుకునేవాడు!"

వ్యాపారి పగలబడి నవ్వి కప్పు కింద పెట్టాడు. లేస్తున్నాడేమోనని మావయ్య ఇంకో టీ పొయ్యమని సైగ చేసి గొంతు పెంచాడు.

"లెక్కలంటావా, అడగకముందే జవాబు! పైదేశం వాళ్ళు పోటీకని వాళ్ళ మిషను తెచ్చి పక్కన పెడితే, అది సిగ్గుపడి తన లెక్కలు కూడా మనదాంతోనే చేయించుకుంది. ఇక వానల లెక్క వేసేటప్పుడు చూడాలి, మబ్బులొచ్చి కిటికీ బయట వరసలో నిలబడేవి, మా వంతు ఎప్పుడండీ అని!"

"మిషను అంత గొప్పదైతే ఫ్యాక్టరీ ఎందుకు మూశారు?" అన్నాడు వ్యాపారి.

"ఓర్వలేక," అన్నాడు మావయ్య.

"పోనీలే మావయ్యా. పొద్దున తలుపు తీసి చూశాను. ఇద్దరం పడితే చాలు, తేలిగ్గా లేచిందది. లోపలేమీ లేదు. ఖాళీ డబ్బాకా ఇంతసేపు కోశావు?" అన్నాడు వ్యాపారి.

అందరూ నవ్వారు. మావయ్య ముఖం చిన్నబోయింది. గొంతు కూడా మారిపోయింది.

"ఖాళీయే. నేనే పీకాను. బయటి సరుకు చవగ్గా వస్తోందని ఇక్కడ విడిభాగాలు చెయ్యడం ఆపేశారు. ఊళ్ళో ఆఫీసుల్లో మన మిషన్లు అప్పటికింకా నడుస్తుండేవి. ఏది ఆగిపోతే దానికి, దీంట్లోంచి ఒక్కో బోర్డు ఊడదీసి అతికించాను. ప్రతిసారీ ఏడుపొచ్చేది. కానీ అవి నడిచాయిరా, నిజంగా నడిచాయి."

"మరి అవెక్కడున్నాయిప్పుడు?"

"పోయిన నెల నువ్వే తూకానికి తీసుకెళ్ళావు కదరా అల్లుడూ. లోపల నిండుగా ఉండి ఒక్కోటి ఎత్తడానికి నలుగురు కావాల్సొచ్చింది, గుర్తులేదా?"