ఎల్లప్ప కాపలా కాసిన పెండ్లి నోటీసు

పాకాల స్టేషను బయట టీ అంగట్లో వసంతమ్మ టీ కాస్తుంది, ఆమె మొగుడు ఎల్లప్ప బెంచీ మీద కూర్చుని కోతలు కోస్తాడు. ఆ పొద్దు ధనంజయ ముఖం వేలాడేసుకుని వచ్చాడు. కులం వేరే పిల్లతో సోమవారం చిత్తూరు రిజిస్ట్రారాఫీసులో అతని పెండ్లి. మూడో సాక్షి చివరి నిమిషంలో ఎగ్గొట్టాడు. ముగ్గురు సాక్షులు సంతకాలు పెట్టకుంటే పెండ్లి లేదు. అవతల ఆ పిల్లకు ఇంట్లోవాళ్ళు మేనమామతో ముహూర్తం పెట్టేశారు.

"సాక్షి సంతకానికి ఇంత దిగులేందిరా?" అని ఎల్లప్ప అందుకున్నాడు.

"నేను పెట్టలేదా, మన తిరుమలయ్య రిజిస్టరు పెండ్లికి? సంతకం ఎవుడైనా పెడతాడు, అసలు కష్టమంతా నోటీసుతో అబ్బా. నెల దినాలు ఆఫీసు గోడకు అంటించి పెడతారు, ఎవురికైనా అభ్యంతరముంటే వచ్చి చెప్పుకోవాల, అదీ చట్టం. పిల్ల నాయన సూస్తే చించేస్తాడు గదా, అందుకని నేను పోయి దానికి అడ్డంగా నిలబడినా. తిండీ ఆడనే, నిద్రా ఆడనే, అంతా నిలబడే! ఆఫీసుకొచ్చినోళ్ళు నన్నే రిజిస్ట్రారనుకోని అర్జీలు నా చేతికిచ్చి దండాలు పెట్టి పోయినారు. ఆ తర్వాత ఏమైందో తెలుసా?"

"కాళ్ళు వాచింటాయి," అన్నాడు పక్కన బీడీ తాగుతున్న జట్కా ఏకాంబరం.

"గాలివానప్పా! నోటీసు లేసి పోయింది. నేనూరుకుంటానా? దాని ఎనకాలే పరుగు. పూతలపట్టు దాటినా, కాళహస్తి దాటినా, నాయుడుపేట దాటినా, సూళ్లూరుపేటలో గాని నిలబళ్ళా. ఆడ సూస్తే ఏముండాది? రాకెట్టు! మన నోటీసు పోయి దాని నడుముకు అతుక్కునింది. 'ఆపండప్పా, పెండ్లి నోటీసుండాది' అని నేను అరస్తానే ఉండా, బుస్సుమని పైకి పోయింది."

"అయ్యో, మరి పెండ్లి?" అన్నాడు ధనంజయ, నిజంగానే భయపడి.

"గమ్మునుండి ఇనరా. నోటీసు యాడుండాల? నలుగురికీ కనబడే తావులో ఉండాల. ఆకాశం కన్నా కనబడే తావు యాడుండాది? మిగిలిన దినాలు దేశమంతా తలకాయెత్తి చదువుకునింది. రిజిస్ట్రారు మిద్దెక్కి దుర్భిణీ పెట్టి చూసి, 'ఎల్లప్పా, ఇంత బాగా అంటించిన నోటీసు నా సర్వీసులో చూళ్ళేదు, చందమామ నుంచి గూడా అభ్యంతరం రాలా' అన్నాడు. ఇంక పెండ్లి పొద్దు సూడాల! పిల్ల నాయన రెండు లారీల మనుషులతో దిగినాడు. నేను పెన్ను తీసి సంతకం గీకినా. ఆ గీకిన సద్దుకు రెండు లారీలూ వాటంతటవే వెనక్కి నడిచి కాట్పాడిలో నిలబడినాయి!"

ధనంజయ లేచి ఎల్లప్ప రెండు చేతులూ పట్టుకున్నాడు. "మామా, సోమవారం నువ్వే రావాల. నువ్వుంటే మాకింక భయం లేదు."

"దానికేం భాగ్యం! పిల్ల ఎవురి బిడ్డ?"

"మండీ మునిరామయ్య కూతురు. ఊరంతా భయపడేది ఆయప్పకే గదా."

ఎల్లప్ప మోకాలు తడుముకున్నాడు. "సోమవారమా... ఈ మోకాలు సోమవారాలే పట్టుకుంటాది రా."

వసంతమ్మ గ్లాసులు కడగడం ఆపింది.

"తిరుమలయ్య పెండ్లికి సంతకం పెట్టింది నేను ధనంజయా. పిల్ల నాయన ఒక్కడే, సైకిలు మీద వచ్చినాడు. ఆయప్పను చూసి ఈయన గోడ దూకినాడు. గుమాస్తా నన్ను మొగుడి పేరేందమ్మా అంటే, మొగుడి పేరు నోటితో ఎట్ల చెప్పేది? 'ఇప్పుడు గోడ దూకినోడే నాయనా' అన్నా."

ఏకాంబరానికి బీడీ పొగ పొరబోయింది. నవ్వలేక బెంచీ పట్టుకున్నాడు.

"సోమవారం నేనొస్తా, నీ పెండ్లి ఆగదు," అని ధనంజయ చేతికి టీ ఇచ్చి, ఆమె మొగుడి తట్టు తిరిగింది. "నువ్వూ రావాల. సంతకం నేను పెడతా. గుమాస్తా అడిగినప్పుడు నీ పేరు నువ్వు చెప్పు, సాలు."

"మునిరామయ్య ముందరా? గట్టిగా చెప్పాల్నా?" అన్నాడు ఎల్లప్ప, చానా మెల్లగా.