బజారుకెళ్ళిన టెండరు పెట్టె

“పక్కింటి సూపరింటెండెంటమ్మకు మతి చలించిందట, ఆఫీసు పెట్టె తెచ్చుకుని కూరగాయల బజారులో కూర్చుందట” అని అక్కయ్యగారి పొరుగింటావిడ ఎవరితోనో అంటే, ఆ మాటకు కాళ్ళు మొలిచి సాయంత్రానికి మా ఆవిడ చెవిన పడింది. ఆ మతి చలనాన్ని గురించే, వారి పదవీ విరమణ సంచికకు ఈ నాలుగు మాటలు.

మనమంతా ‘పెట్టె అక్కయ్య’ అని పిలుచుకునే ఈ సూపరింటెండెంటు గారు 1987 జూలై పదకొండవ తేదీన మన పురపాలక కార్యాలయంలో జూనియర్ అసిస్టెంటుగా చేరారు. పన్నుల విభాగంలో నిష్కళంకంగా, తదుపరి పనుల విభాగంలో నిర్భయంగా సేవలందించారు. రోడ్లకూ కాలువలకూ గుత్తేదారులు ధర రాసి వేసే సీలు కవర్ల పెట్టె వారి అధీనంలో ఉండేది.

ఆ కాలంలో టెండరు రోజున గేటు ముందు ఒక ముఠా నిలబడి, తమవాడి కవరు తప్ప మరొకటి లోపలికి పోనిచ్చేది కాదు. పోలీసులు వచ్చి, ముఠావారి పక్కనే టీ తాగి వెళ్ళేవారు. ఒక్క వానకే కొట్టుకుపోయే రోడ్లకు రెట్టింపు వెల కట్టి, ఊరి జనం గుంతల్లో నడిచేవారు. అటువంటి ఒకనాడు అక్కయ్యగారు కవర్లు బజారుకే తెచ్చి వేయమని గుత్తేదారులందరికీ ఫోన్లు చేయించి, పెట్టెను ఒళ్ళో పెట్టుకుని రిక్షాలో వెనక దారిన బజారుకు వెళ్ళి, వంకాయల బుట్టల నడుమ ఆసీనులయ్యారు.

“ఏమమ్ముతున్నావక్కా?” అందట వంకాయలావిడ.

“రోడ్లు. ఇవాళొక్కరోజే, సరసమైన ధరకి.”

అలా అందరి కవర్లూ పడి ఆ ఏడు వేసిన రోడ్డొక్కటే నేటికీ నిలిచి ఉంది. అక్కయ్యగారికి మాత్రం మెమో వచ్చింది, వెనకాలే జనన మరణాల విభాగానికి బదిలీ వచ్చింది. “పోనీలే, పుట్టేవాళ్ళను గేటు దగ్గర ఎవరూ ఆపరు” అని నవ్వారు.

ముఠా మాత్రం నేర్చిన విద్య మరువలేదు. తరువాతి ఎన్నికలలో అదే మనుషులు నామినేషన్ల గదికి వెళ్ళే దారిలో నిలబడ్డారు. పెట్టెనైతే మోసుకుపోవచ్చు గాని, గదిని మోసుకుపోలేం కదా. అంతా ఏకగ్రీవమే అయింది. ఊరికి ఓటు వేసే శ్రమే తప్పింది. నాటి ముఠా నాయకులు నేడు మన పురపాలక అధ్యక్షులు, ఈ వీడ్కోలు సభకూ వారే అధ్యక్షులు. వచ్చే నెల నాకూ విరమణే కనుక ఈ ముక్క రాసే తెగువ వచ్చింది.

అక్కయ్యగారు, బావగారు మనవలతో ఆటపాటలలో, మోకాళ్ళ నొప్పులు దరిచేరని సంపూర్ణ ఆరోగ్యంతో నిండు నూరేళ్ళు జీవించాలని మనసారా కోరుకుంటున్నాను.

ఈ వ్యాసాన్ని ఇక్కడిదాకా రాసి, ముందుగా సెక్షనులో అందరి ఎదుటా చదివి, “మీ ధైర్యంలో పిసరంత మాకిచ్చి వెళ్ళండి అక్కయ్యా” అన్నాను. హాజరు పట్టీలో సంతకం పెడుతూ వారన్నారు:

“ధైర్యం ఇస్తాను, తీసుకో. గేటు దగ్గర నిలబడ్డవాడు కుర్చీలో కూర్చున్నాడు, పెట్టె తాళంచెవి వాడి జేబులో ఉంది. ఇంక దేన్ని మోసుకుని ఏ బజారుకెళ్తావు తమ్ముడూ?”