గంపమ్మ నడక

మళ్ల గదే మాటనా, రమక్కా? అమ్మ గడప దాటుతలేదని, స్టేషన్ ఘన్‌పూర్ నుంచి వచ్చినకాడికెల్లి నన్నే అంటానవు. దవాఖానకు తీస్కపొమ్మంటవు. ఆమె కాలుకు కొత్తగ ఏం కాలేదు. ఎందుకు పోతలేదో నాకు తెల్సు. జర కూసో, చెప్త.

తమ్ముడు బొమ్మలేస్తడని అందరికి గొప్పగ చెప్తవు గాని, హైదరాబాద్ కార్టూన్ స్టూడియోల పద్నాలుగేండ్లు నేను చేసిన పనేందో తెల్సా నీకు? సీనియర్లు రెండే బొమ్మలు గీసేటోళ్లు. చెయ్యి కింద ఉన్నది ఒకటి, పైకి లేసింది ఒకటి. కిందికెల్లి పైకి పోయే నడుమ బొమ్మలన్ని నావి. ఎవరి చెయ్యో, ఎవరి కాలో. నాదంటూ ఒక్క మనిషి లేడు. మెడ పట్టేసింది, కండ్లద్దాలొచ్చినయి. గంతే. కరోనాల ఇంటికి పంపిండ్రు. అప్పట్నుంచి ఈ వరంగల్ల, ఈ అర్రలనే కూసొని చేస్తాన.

నిరుడు పిల్లల బొమ్మల సీరియల్ ఒకటొచ్చింది. అండ్ల గంపమ్మ అని ఒక ముసల్ది, నెత్తి మీద గంప పెట్టుకొని కోళ్లు దొంగతనం చేస్తది. దానికి నవ్వొచ్చే నడక కావాలన్నరు. నలుగురు గీసిండ్రు. డైరెక్టర్ సుదర్శన్ సార్‌కు ఒక్కటి నచ్చలే. ఆఖరికి నన్ను గూడ చూడమన్నడు.

గప్పుడు అమ్మ వాకిట్ల బట్టలారేస్తాంది. పవర్‌లూం షెడ్డుల పడి విరిగిన తుంటి గదా. ఎడమ కాలు ఈడుస్తది, నడుము మీద చెయ్యి పెడ్తది, మూడడుగులకోసారి ఆగి కుచ్చిళ్లు ఎత్తుకుంటది. కిటికీలకెల్లి ఫోన్ల వీడియో తీసిన. ఆమెకు తెల్వది.

అట్లనే గీసి పంపిన. మీటింగుల అందరు పడి పడి నవ్విండ్రు. నేను గూడ నవ్విన. నెల తిరక్కముందే నన్ను టీముకు లీడ్ చేసిండ్రు. నువ్వు మిఠాయి పంచలేదా? గందుకే.

మొన్న ఎండకాలం సెలవుల్ల టీవీల వచ్చింది. వాడకట్టు పిల్లలందర్ని అమ్మనే పిలిచి కూసోబెట్టింది, నా కొడుకేసిన బొమ్మలు చూడుండ్రని. గంపమ్మ నడిచింది. పిల్లలు టీవీ దిక్కు చూసిండ్రు, అమ్మ దిక్కు చూసిండ్రు. తెల్లారి ఆమె పాల ప్యాకెట్‌కు పోతాంటే, ఎనుక కుంటుకుంట పోయిండ్రు, గంపమ్మా గంపమ్మా అనుకుంట.

ఇంటికొచ్చి నన్నేం తిట్టలే. "ఏం బిడ్డా, గది నా నడకనేనా?" అన్నది. కాదమ్మా, కంప్యూటరే చేసిందన్న. "గట్లనా" అన్నది. గా రోజుకెల్లి బయటికి పోలే.

అట్ల చూడకు. ఆపుదమనే చూసిన. ఇప్పుడు రెండో భాగం చేస్తాండ్రు. ప్రతి కథల గంపమ్మ ఒక్కసారన్న కింద పడాల్నట. నడక మారుస్త సార్ అన్న. పిల్లలు నవ్వేదే దానికి గదా, నీతోని కాకుంటే మీ టీముల భానుచందర్‌కు ఇస్త అన్నడు. మళ్ల ఎవరివో నడుమ బొమ్మలు నింపుకుంట కూసునుడు నాతోని కాదక్కా. నలభై రెండొచ్చినయి నాకు.

నిన్న గీసిన, పడేది. ముందు చెయ్యి ఆనుతది, తర్వాత మోకాలు. గంప దూరంగ దొర్లుతది.

మంచిగొచ్చింది.