గుడ్డ మడత

వంటింటి బల్ల మీద మనవరాలు పాత ఆస్పత్రి రికార్డుల నకళ్ళు పరిచింది. ఆ ఆస్పత్రిలోనే ఆయాగా జీవితమంతా చాకిరీ చేసిన అమ్మమ్మ ఎదురుగా కూర్చుని బఠాణీలు ఒలుస్తోంది.

“మళ్ళీ చదువు.”

“ఎన్నిసార్లమ్మమ్మా? ‘ఈ నల్లజాతి ఆడవాళ్ళకు పుట్టుకతోనే నొప్పి తక్కువ. కోసినా అరవరు. మత్తుమందు అనవసరం.’”

“వాడి నోట్లో మన్ను పొయ్యా!”

“ఆ డాక్టరు పోయి ఇరవై ఏళ్ళు. మన్ను ఎప్పుడో పడింది.”

“ఇంకో గంపెడు పొయ్యమను.”

“నవ్వించకు, ఒళ్ళు మండిపోతోంది. మా ప్రొఫెసరు ఈ ముక్క పట్టుకుని ‘ఆ జాతికి ఓర్పెక్కువ’ అని చరిత్ర పుస్తకంలో ఎక్కిస్తున్నాడు. అబద్ధమంటే సాక్షి ఏదీ అంటాడు. రేపటితో గడువు సరి.”

“ఓర్పా? ఆయన్నోసారి ఆ కోత బల్లెక్కించు, తెలుస్తుంది.”

“అందుకే నిన్నడుగుతున్నా. వాళ్ళెందుకు అరవలేదు?”

“సగం పుచ్చులే, చూడు ఈ బఠాణీలు.”

“అమ్మమ్మా!”

“అరిస్తే మంచం పోయేది, చాలా? గోల మనిషని రాసి బయటికి గెంటేవాళ్ళు. పక్క వార్డులో తెల్లతోలు వాళ్ళకి చీమ కుట్టినా మందు. మనకి కత్తి దిగినా నోరెత్తకూడదు.”

“మరెలా?”

“గుడ్డ. నాలుగు మడతలేసి, తడిపి, పళ్ళ మధ్య పెట్టేవాళ్ళం.”

“పెట్టేవాళ్ళమా? అంటే నువ్వూనా?”

“ఆయాలం కాక ఇంకెవరే? డాక్టరు మొహం చూస్తేగా! కడుపు దాటి కన్నెత్తేవాడు కాదు.”

“ఇదే, ఇదే కావాలి! నీ పేరు పెట్టి రాస్తా.”

“నా పేరొద్దు.”

“ఇంకా ఎవరికి భయం?”

“భయమా, నా మొహమా. వద్దంటే వద్దు.”

“ఇది విని చెప్పు. పదకొండో మంచం. పేరు లేదు, తారీఖు చెదలు తినేసింది. ‘కాన్పుకు కోత. రోగి కిక్కురుమనలేదు. నెత్తురు ఆగక తెల్లారేసరికి చనిపోయింది. ఆడపిల్లను వార్డు ఆయాకు అప్పగించాం.’ పేరైనా రాయలేదు వెధవలు! ఎవరా ఆయా? నీకు తెలిసే ఉంటుంది.”

“ఆ గిన్నె ఇటు జరుపు.”

“చెప్పు. ఆ తల్లికి ఓర్పెక్కువని అచ్చేస్తాడు రేపు!”

“ఓర్పు కాదే. నా చెయ్యి పట్టుకుని అరవబోయింది. మంచం పోతే కడుపులో నువ్వూ దక్కవని, మీ అమ్మ నోట్లో గుడ్డ అదిమి పట్టింది నేనే. రాసుకో, నా పేరుతోనే రాసుకో.”