అరుగు మీద పందిరి

హలో… ఆ, నేనే బావా, ఆనందమ్మను. జర గట్టిగ మాట్లాడుండ్రి… కరీంనగర్ల, మా దవాఖాన ఆఫీసులనే ఉన్న. ఫోనొచ్చిందంటే వార్డుల పని ఇడిచి ఉరికొచ్చిన.

… లేదు, మీ తమ్ముడు ఇంక రాలే. పొద్దుగాల్నుంచి పెద్దపల్లి బస్సొచ్చినప్పుడల్ల గేటు కాడికి పోయి చూస్తున్న—

… ఏందీ? మీ కాడున్నడా? చెన్నూర్లనా?

… రైలు పెద్దపల్లిల దిగకుంట మంచిర్యాల దాక ఎందుకు పోయిండు? దగ్గుల మళ్ల నెత్తురు గిట్ల పడ్డదా? … లేదు గద. మంచిగనే ఉన్నడు గద… ఆ… దేవునికి స్తోత్రం.

… ఇంటికి రానంటుండా? ఎందుకు?

… పందిరా? అవును, ఏయిస్తున్న. మా ఇంటి ముందటి అరుగు మీద. ఎవలు చెప్పిన్రు? … మా పక్కింటి ఎలీసబెతా. ఆయన్ను చూడవోయిన మనిషి, టీబీ దవాఖానల కూసొని గీ ముచ్చట చెప్పిందా—

… ఏమనుకున్నడు? … నేను ఇంట్లకు రానియ్యననా? బయటనే పండవెడ్తననా?

…

బావా, ఫోను జర ఆయనకియ్యుండ్రి… పక్కకే ఉన్నడు గద. ఇయ్యుండ్రి.

… హలో. నేనే… మాట్లాడకుంటే మాట్లాడకు, ఇను. నీకు గాలి తగలాలె అన్నది మా డాక్టరమ్మ. మన అర్రకు కిటికీ ఉన్నదా? పొయ్యి పొగంత అండ్లనే. దగ్గు తగ్గిన మనిషిని గా పొగల ఎట్ల పండవెడ్త? అరుగు మీద గాలున్నది, నీడ లేకపాయె. అందుకే గుంజలు పాతిచ్చి, అడ్డం వాసాలేయిస్తున్న. మీద తాటికమ్మలు. చిక్కుడు తీగ గుడ పెట్టిన.

… ఎవలేమనలే. పిల్లలా? సందు కాడ నిలవడ్డోళ్లు కదల్తలేరు. బాపేడి, బాపేడి అని పాణం తీస్తున్నరు.

… ఏమన్నవు? గంత మెల్లగ అంటే ఇనవడ్తలేదు.

… ఒక్కనివే ఎందుకు పంటవు? రెండు మంచాలు పట్టేటట్టు ఏయిస్తున్న. ఒక్క మంచానికి గింత పందిరెందుకని వాసాలు కోసే వడ్ల భూమన్న గుడ అడిగిండు. మరి నేనేడ పండాలె అన్న.

… భయమేంది? తెమడల పురుగు లేదని మీ దవాఖానోళ్లే చెప్పి పంపిరి గద.

… హలో? … ఏడుస్తవెందుకయ్యా. బావ చూస్తడు.

… రేపటి బండికా? నిజంగనేనా? … అయితే టేషన్ల నేనే నిలవడ్త, పెద్దపల్లిల దిగు… ఆపరేటరమ్మా, జర ఆగుండ్రి, లైను తియ్యకుండ్రి— ఇన్నవా? పెద్దపల్లిల దిగు. దిగకపోతే నేనే బండెక్కుత…

హలో? … హలో?