చెట్టు లేని మొండిచింత దగ్గర ఆదెమ్మ

మొండిచింత దగ్గరికి పోబాకండి అని నేనంటే, చెట్టేది తాతా అక్కడ, ఆరు వరసల రోడ్డు తప్ప, అని నవ్వుతారు మీరు. నవ్వండి. చెట్టు పోయినంత మాత్రాన చోటు పోద్దా? లారీలోళ్ళకి తెలుసు ఆ చోటు, పాలవ్యాను వాడికి తెలుసు, మీ నాయనలకీ తెలుసు, కాకపోతే పైకి చెప్పరు. ఈ కథ నాకు మొదట చెప్పింది డప్పు యేసోబు. ఊళ్ళో ఎవరు పోయినా పాడె ముందు నడిచేది అతనే కాబట్టి అతని మాటే మాట, మిగతా వాళ్ళు చెప్పేదంతా డాబాల దగ్గర పుట్టిన కూత. మధ్యలో అడ్డు ప్రశ్నలు వెయ్యబాకండి, నాకు గిట్టదు.

ఆ చింత కింద నాగేంద్రం బజ్జీల బండి ఉండేది. వాయి మీద వాయి బజ్జీలు వేసేది నాగేంద్రం, అమ్మేది ఆయన భార్య ఆదెమ్మ. నాగేంద్రం నోట్లోంచి మాట రావాలంటే పొద్దు వాలాలి, ఆమెకేమో ఇద్దరికీ సరిపోను నోరుండేది. ఒంగోలు బస్సు వచ్చి ఆగిందంటే చాలు, పళ్ళెం ఎత్తుకుని కిటికీ కిటికీకీ పోయి, "ఏడేడి బజ్జీలయ్యా, తిని చూసి తిట్టండయ్యా!" అని పిలిచేది, నిద్రపోయేవాడు కూడా లేచి జేబు తడుముకునేవాడు. డ్రైవరు హారను కొడితే, "ఏందబ్బాయా తొందర, ఇంటికి పోయినా నిన్ను పలకరించే దిక్కెవరు?" అని అనేది, బస్సంతా నవ్వేది, డ్రైవరూ రెండు తిని గానీ కదిలేవాడు కాదు. ఆమె పిలుపుకి బస్సు ఆగితే పక్కన సోడాలవాడికి బేరం, పూలమ్మికి బేరం, పంచరు షాపు వాడికీ బేరం. ఒక్క మనిషి గొంతు మీద నాలుగు కొంపల్లో పొయ్యి వెలిగేది. అట్టాంటి నోరు మళ్ళీ నేను వినలా.

ఇంకో సంగతి. ఊరు రోడ్డుకి ఇటు, వల్లకాడు అటు కదా, మన దింపుడు కళ్ళెం ఆ చింత కిందే. మీలో కొందరికి ఇది కూడా చెప్పాల్సొస్తంది, ఏం చేస్తాం. పాడె సగం దారిలో దింపి, అయినవాళ్ళు చెవి దగ్గర వంగి ముమ్మారు పేరు పెట్టి పిలుస్తారు. కొన ఊపిరి ఏమన్నా ఉంటే లేస్తారని, లేకపోతే ఇక నిన్ను పిలిచేవాళ్ళు లేరు, సుఖంగా పో అని. శవం వస్తందంటే నాగేంద్రం మూకుడు కిందికి దించి, మంట ఆర్పి, తుండుగుడ్డ తీసి నిలబడేవాడు. ఎంత బేరమన్నా కానీ.

తర్వాత రోడ్డు వెడల్పు చేస్తామని వచ్చారు. మన ప్రెసిడెంటు రాఘవులు, ఆ మహానుభావుడు, ఊరికి రోజులొచ్చినయ్యని చాటించాడు. రోజులొచ్చింది ఆయనకి. చింతని కొట్టేసి, ముందున్న కొట్లన్నీ కూల్చేసరికి వెనక మూలనున్న ఆయన బియ్యం మిల్లు రోడ్డు మీదికొచ్చి కూచుంది. పట్టా ఉన్నోడికి పరిహారం వచ్చింది, అద్దెకున్నోడికి దుమ్మొచ్చింది. నాగేంద్రం పోయి పరిహారం ఇచ్చే ఆఫీసరుని అడిగితే, చెట్టు నీడకి పట్టా ఉందా అన్నాడంట. అబద్ధం ఎందుకు చెప్పాల, రోడ్డు మంచిదే. పురుటి నొప్పులొచ్చిన పిల్లని ఒంగోలు తీసుకుపోవాలంటే మునుపు దారిలోనే కానుపయ్యేది, ఇప్పుడు ఆస్పత్రిలో అవుతంది. కానీ నడిమిట్లో ఇనపకంచె వేసి, అవతలి చేలోకి పోవాలంటే ఎక్కడో దిగువన రోడ్డు కిందగా తవ్విన కింది దారిన పోవాలని పెట్టారు. అవతల పొలమున్నోడు గేదెల్ని అమ్ముకున్నాడు, చుట్టుకుని తోలలేక. అటు పేటోళ్ళు ఇటు పేటకి పేరంటానికి రావడం కూడా మానేశారు.

బస్సులు ఆగడం మానేసినయ్యి. నాగేంద్రం బండి పక్కరోడ్డులో పెట్టుకున్నాడు. ఆదెమ్మ పళ్ళెం పట్టుకుని కంచె దాకా పోయి పిలిచేది, అద్దాలు బిగించిన బస్సులు, లోపలున్నోడికి ఏం వినపడుద్ది? గాలికి కొంగు లేచేది, బజ్జీ చల్లారేది. పిలిచి పిలిచి ఒకరోజు ఊరుకుంది. బేరం లేక కాదు మనిషి చిక్కిపోయింది, పిలిస్తే పలికేవాడు లేక. జొరం పట్టుకుంది, తన ఇంట్లోనే, తన చాప మీద, మొగుడి ఒళ్ళో తల పెట్టుకుని పోయింది.

నాగేంద్రం కోరింది ఒకటే. చింత ఉన్న చోటే పాడె దింపాల, అక్కడే పిలుస్తానన్నాడు. రాఘవులు అడ్డం తగిలి, రోడ్డు నడిమిట్లో ఒక పాడె దింపితే నాలుగు పాడెలు లేస్తాయి అన్నాడు. గిట్టని వాడి నోటి నుంచైనా న్యాయమైన మాట న్యాయమైన మాటే. కింది దారిన తీసుకుపోయి అక్కడే దింపారు. పైన లారీలు. ఆ కాంక్రీటు కింద ఆ మోతకి పళ్ళు జివ్వుమన్నయ్యంట. యేసోబు డప్పు ఆపి పక్కనే నిలబడినా, అతనికి నాగేంద్రం పెదాలు కదలడమే కనపడింది గానీ మాట వినపడలా. ముమ్మారు పిలిచి లేచాడు. "నా మాటే నాకు వినపళ్ళేదన్నా, దానికేం వినపడుద్ది?" అన్నాడు యేసోబుతో. ఆచారం అయింది, ఎత్తండి ఎత్తండి అన్నారు పెద్దలు.

అయిందా? చెప్పండి, అయినట్టా?

కర్మంతరం అయిందో లేదో, మొండిచింత చోట బళ్ళు ఆగడం మొదలైంది. మధ్యాన్నం పూట, ఎండ నిప్పులు చెరిగే పూట. ఏసీ బస్సు ఉన్నట్టుండి నిలబడిపోయేది, డ్రైవరేమో ఎవరో ఆడమనిషి పిలిచిందండీ అనేవాడు, లోపల కూచున్నోళ్ళు పర్సులు తీసి పట్టుకుని, ఎందుకు తీశామో తెలీక మొహమొహాలు చూసుకునేవాళ్ళు. నాగేంద్రం ఆ సంగతి విని అన్నం మానేశాడు. అది పోలేదు, పిలవనిదే ఎట్టా పోద్ది అని రోజూ కంచె దగ్గరికి పోవడం, రోడ్డు కాపలా జీపు వాళ్ళు తరిమెయ్యడం. తరమకపోయినా ఆ మోతలో పిలిచి లాభమేముంది? దానికి ఒక్కసారి వినపడితే చాలు అనేవాడు, ఇంకో మాట లేదు.

అట్టా ఉండగా, బస్టాపు కావాల, మనుషులు దాటే దారి కావాల అని ఊరంతా రోడ్డు మీద కూచుంది. ఆ రోజు నేనూ కూచున్నా, కాబట్టి ఇక్కడి నుంచి నా కళ్ళతో చూసింది. పొద్దు వాలతంది. రెండు వైపులా కనుచూపు మేర బళ్ళు ఆగినయ్యి, ఒక్కొక్కటే ఇంజన్లు ఆపేశారు. ఆ రోడ్డు మీద కాకి అరుపు విన్నాం ఆ రోజు. నాగేంద్రం లేచాడు.

యేసోబు చెయ్యి పట్టుకున్నాడు. నిప్పు పెట్టకముందు పిలిస్తే అది సాగనంపడం, బూడిదయ్యాక పిలిస్తే అది రమ్మనడం. "వద్దురా నాగేంద్రా, ఇప్పుడు పిలిస్తే వస్తది" అన్నాడు. "రానీ" అన్నాడు నాగేంద్రం.

కంచె దగ్గర వంగి, నేలకి నోరు ఆనించి, ఆదెమ్మా అని పిలిచాడు. పలకలా. మళ్ళీ పిలిచాడు. లేదు. ఎట్టా పలుకుద్ది? మనూరి మగాడు పెళ్ళాన్ని పేరు పెట్టి పిలిచిందెప్పుడు గనక? ఎవరినో పిలుస్తన్నాడు అనుకునుంటుంది. అప్పుడు వాడు లేచి, నడుం మీద చెయ్యేసుకుని, మూకుడు ముందు నిలబడ్డట్టు నిలబడి, పెళ్ళైన కాడి నుంచీ రోజూ అన్న మాట అన్నాడు. "ఏమే, వాయి దిగింది!"

"ఏడేడి బజ్జీలయ్యా!"

అందరం విన్నాం. కంచె దగ్గరి నుంచే. బస్సుల తలుపులు తెరుచుకున్నయ్యి. తెలుగు రానోళ్ళు కూడా దిగారు, దోసిళ్ళు పట్టుకుని వరసలో నిలబడ్డారు, ఒకాయన వేళ్ళు ఊదుకుంటా అబ్బ కాలతంది అన్నాడు, చేతిలో చూస్తే ఏమీ లేదు. వాము వాసన నా ముక్కుకీ తగిలింది. రాఘవులు గుటక వేశాడు, ఇప్పుడు అడిగితే లేదంటాడు, వెయ్యడం నేను చూశా.

ఇంతలో పెద్దాఫీసరు వచ్చి, అన్నిటికీ సరే సరే అన్నాడు, జనం లేచారు. మేం పోయి నాగేంద్రాన్ని పదరా అని లాగితే, చేత్తో నూనెలో తిప్పుతున్నట్టు తిప్పుకుంటా, "బస్సులాగినయ్యి, గిరాకీ వచ్చింది, ఇప్పుడు రమ్మంటే ఎట్టా అన్నా?" అన్నాడు. వాడు నవ్వగా చూడటం నాకదే మొదలు. లారీలు ఒక్కసారి కదిలినయ్యి, పొగ లేచింది, పొగ తేలిపోయేసరికి మనిషి లేడు. ఇటు లేడు, అటు లేడు, నేల మీద నెత్తురు చుక్క లేదు. ఆ ఆఫీసరు ఒప్పుకున్న బస్టాపు ఇంతవరకూ రాలా. బస్సులు మాత్రం ఆగుతున్నయ్యి.

ఇప్పుడు అవతలి ఊరి డాబా వాడు వచ్చే పోయే డ్రైవర్లకి ఏం చెప్తన్నాడో తెలుసా? తాగుబోతు మొగుడు పెళ్ళాన్ని లారీ కిందికి తోసి తనూ పడ్డాడని! రాఘవులు పక్కన కూచుని తల ఊపుతాడంట. నాగేంద్రం సారా ముట్టి ఎరగడు, ఆదెమ్మ మీద చెయ్యెత్తి ఎరగడు. ఆ డాబా వాడి మొహం చూడనని నేను ఒట్టేసుకున్నా, లేకపోతే నేనే పోదును. మీలో నోరున్నోళ్ళు ఎవరన్నా పోయి, నలుగురు డ్రైవర్లు వినేట్టు ఆ మాట సరిచేసి రండి. పోయేటప్పుడు కింది దారిన పోండి, మొండిచింత దగ్గర మాత్రం నిలబడబాకండి, ఆకలి మీద అసలే వద్దు. మీరు బజ్జీ కోసం ఆగారని వెనకొచ్చే లారీకి తెలీదు.