మేయరు చేత కుళాయి నీళ్లు తాగించిన సేబాతా

శ్మశానం నుంచి తిరిగొచ్చి, మా ఆచారం ప్రకారం గేటు దగ్గర కలబంద ముక్కలేసిన తొట్టిలో చేతులు కడుక్కుని, అందరూ టెంటు కింద భోజనాలకి కూర్చున్నారు. చావింటికి మునిసిపాలిటీ తప్పకుండా నీళ్ల ట్యాంకరు పంపుతుంది, కౌన్సిలర్లు ఉపన్యాసాలకు వస్తారు కదా. మా పేటలో మంచినీళ్లు కావాలంటే ముందు ఎవరో ఒకరు పోవాలి.

పులానె మాంసం పళ్లెం ముట్టుకోలేదు. ఆవిడ నడిపే చిన్నపిల్లల బడి మూతపడింది. మట్టిరంగు కుళాయి నీళ్లు తాగి పిల్లలకి ఒకటే వాంతులు. మునిసిపాలిటీ మీద ఆవిడ వేసిన కేసు సోమవారం బ్లూమ్‌ఫౌంటెన్ నగరంలోని కోర్టులో మళ్లీ విచారణకొస్తోంది. ఆ నీళ్లవల్లే జబ్బులొచ్చాయని చెప్పే మనిషి ఒక్కడైనా లేకపోతే కేసు నిలవదని లాయరు తేల్చేశాడు. కానీ మా పేటలో ప్రతి ఇంట్లో ఒకరు మునిసిపాలిటీ కొలువులో ఉంటారు. అందుకని ఎవరికీ కడుపునొప్పి వచ్చిన గుర్తే లేదు.

కోతలకి పేరుపడ్డ సేబాతా మాత్రం గొంతు సవరించుకున్నాడు.

"కేసంటే చెప్పాలి. కిందటిసారి దాన్ని నిలబెట్టింది నేనే కదా! ఏదో సీసాడు నీళ్లు పట్టుకెళ్లి బల్ల మీద పెట్టానంతే. గుమాస్తా కలంలో సిరా అయిపోయింది, పాపం. నా సీసాలో ముంచుకుని రాశాడు. ఆ తర్వాత ఏమైందో తెలుసా?"

"ఆరిందా బాబాయ్?" అన్నాడు మునిసిపాలిటీ వ్యాను డ్రైవరు టెబెలో.

"ఆరడమా! మన నీళ్లలో పురుగులుంటాయి కదరా, ఒక్కో అక్షరానికీ కాళ్లొచ్చాయి. కాగితం దిగి, బల్ల దిగి, అటువైపు లాయరు చొక్కాలోకి దూరాయి. ఆయన కోటు విప్పాడు, చొక్కా విప్పాడు, ప్యాంటు మీద చెయ్యేసేసరికి జడ్జిగారే కుర్చీ దిగొచ్చి, 'సేబాతాగారూ, ఇక ఆపించండి, శిక్షేదో మీరే వెయ్యండి' అన్నారు."

"ఏం వేశావ్?"

"మేయర్ని పిలిపించి గ్లాసు చేతికిచ్చాను. తాగాడు. ఇంకోటిచ్చాను. ఇంకోటి. పొట్టలో కప్పలు అరుస్తున్నాయి, చెవుల్లోంచి ధార కడుతోంది, కింద ఎవరో బకెట్లు పెట్టేశారు. ఆ కారిన నీళ్లు ఎంత తేటగా ఉన్నాయంటే, మంత్రిగారు అప్పటికప్పుడు ఉత్తర్వు పంపారు, ఇకమీదట ఊళ్లకి వడపోత యంత్రాలు కొనక్కర్లేదు, ఊరికో మేయరు చాలని!"

టెంటంతా నవ్వింది. పులానె నవ్వలేదు.

"బాబాయ్, నువ్వు కోర్టుకొచ్చిన మాట నిజం. నేనూ చూశాను."

"విన్నారా!" అన్నాడు సేబాతా.

"వరండాలో పత్రికలవాళ్లు కుళాయి నీళ్లు ఇచ్చి తాగమంటే, మేయరు గ్లాసు మూతిదాకా తెచ్చుకుని ఆగిపోయాడు. 'మీకెందుకు బాస్ శ్రమ' అని లాక్కుని తాగింది నువ్వు. 'చూశారా, ఈయనకేమైంది?' అని వాళ్ల లాయరు లోపల నిన్నే చూపించాడు. కేసు వాయిదా పడింది."

పులానె తన కుర్చీని సేబాతా ఎదురుగా జరుపుకుంది.

"తిరుగు ప్రయాణంలో నీకేమైందో సోమవారం వచ్చి జడ్జిగారికి చెప్పు. ఆ కథకి నువ్వేమీ కలపక్కర్లేదు."

సేబాతా ముందు వరుసలో ఉన్న కౌన్సిలరు వైపు చూశాడు. "ఏమవుతుందమ్మాయ్? హాయిగా నిద్రపోతూ వచ్చాను. ఆ నీళ్లకేం, అమృతం!"

టెబెలో పళ్లెం కింద పెట్టాడు. వాడూ కౌన్సిలరు వైపు ఒకసారి చూశాడు.

"నిద్రా? కనబడ్డ ప్రతి పొద దగ్గరా నా వ్యాను ఆపించావు కదయ్యా! ఆఖరి పొద అందలేదు. సీటు కడిగింది నేను. కడిగిందీ ఆ కుళాయి నీళ్లతోనే, ఇంకా మురికైంది. సోమవారం నేనొస్తానక్కా."